జోలె పట్టిన బడి

హాజీ ఆబిద్ హుసేన్ ఆ పొద్దున తన చేతిరుమాలును జోలెలా మడిచి పట్టుకున్నారు. సొంత డబ్బు మూడు రూపాయలు అందులో వేసి, మసీదు మెట్లు దిగి వీధిలోకి నడిచారు.

ఊరు దేవబంద్. ఢిల్లీకి ఉత్తరాన సుమారు నూట యాభై కిలోమీటర్ల దూరంలో, సహారన్‌పూర్ జిల్లాలో ఉన్న చిన్న పట్టణం. సంవత్సరం 1866. హాజీ సాబ్ ఉండేది ఛత్తా మసీదులో. జపమాల, ప్రార్థన, అడిగినవాళ్ళకి తాయెత్తు. ఊరందరికీ ఆయన తెలిసింది అలాగే. అలాంటి మనిషి గుమ్మం ముందుకొచ్చి చెయ్యి చాపితే ఆ గడపల దగ్గర ఏం మాటలు నడిచాయో ఎవరూ రాసిపెట్టలేదు. ఊహించుకోవడం మాత్రం కష్టం కాదు.

"మసీదు మరమ్మతుకా హాజీ సాబ్?"

"కాదు భాయ్. పిల్లల చదువుకి."

"సర్కారు బడి ఉందిగా."

"ఉంది. మన దీన్ ఏదో అందులో చెప్పరు కదా."

ఒకరు ఆరు రూపాయలు ఇచ్చారు, ఇంకొకరు పన్నెండు. మౌల్వీ జుల్ఫికార్ అలీ గడప దగ్గర కూడా రుమాలు బరువెక్కింది. పొద్దు వాలేసరికి మూడు వందల రూపాయలు పోగయ్యాయని దేవబంద్ చరిత్రలు చెబుతాయి. ఆ రోజుల్లో అది చిన్న మొత్తం కాదు. నెల జీతం పదిహేను రూపాయలంటే ఒక పంతులు కుటుంబం గౌరవంగా బతికేది.

ఆ పదిహేను రూపాయల లెక్క ఊరికే వేసింది కాదు. డబ్బు చేతికందగానే హాజీ సాబ్ మీరట్‌కు ఉత్తరం రాశారు. అక్కడ ఒక అచ్చు ప్రెస్సులో పుస్తకాల ప్రూఫులు దిద్దుకుంటూ బతుకుతున్న మౌలానా ఖాసిమ్ నానౌతవీకి. మీరొచ్చి పాఠం చెప్పండని కబురు. నానౌతవీ తాను రాలేదు. మీరట్‌లోనే ఉన్న ముల్లా మహమూద్‌ను పదిహేను రూపాయల జీతానికి కుదిర్చి పంపారు. మే నెలాఖరులో, గురువారం నాడు, ఛత్తా మసీదు ఆవరణలో, ఓ చిన్న దానిమ్మ చెట్టు నీడలో బడి తెరిచారు. గురువు పేరు మహమూద్. ఆయన ఎదుట కితాబు విప్పుకుని కూర్చున్న పదిహేనేళ్ళ కుర్రాడి పేరూ మహమూదే, మహమూద్ హసన్. ఇందాక చందా వేసిన జుల్ఫికార్ అలీ కొడుకు.

ఈ జుల్ఫికార్ అలీ చేసే ఉద్యోగం ఏమిటంటే, ఇంగ్లీషు ప్రభుత్వ విద్యాశాఖలో డిప్యూటీ ఇన్‌స్పెక్టరు. సర్కారు బడులను తనిఖీ చేసే పెద్దమనిషి తన కొడుకును తెచ్చి చెట్టు కింద కూర్చోబెట్టాడు. ఎందుకన్నది అర్థం కావాలంటే తొమ్మిదేళ్ళు వెనక్కి పోవాలి.

*

1857. ఢిల్లీ కూలింది. తిరుగుబాటును అణచినవాళ్ళు ముస్లింల మీద మరింత పగబట్టారు. ఎన్నో కుటుంబాలను ఊళ్ళోంచి వెళ్ళగొట్టారు, కొన్నాళ్ళపాటు జామా మసీదు కూడా సైన్యం చేతిలోనే ఉండిపోయింది. ఆ కాలందాకా మతవిద్య నడిచిన తీరు వేరు. పేరున్న పండితుడు తన ఇంట్లోనో మసీదు మూలనో కూర్చునేవాడు, శిష్యులు వెతుక్కుంటూ వచ్చేవారు. నవాబుదో, జమీందారుదో ఒక మాన్యం ఉండేది. గురువుకి తిండి, శిష్యులకి రొట్టె అందులోంచే వచ్చేవి. నవాబులు పోయారు. మాన్యాలు పోయాయి. గురువులు మిగిలారు, వాళ్ళలోనూ కొందరు ఉరికంబాలు ఎక్కారు, కొందరు మక్కాకు ఓడెక్కారు.

ఢిల్లీలో మౌలానా మమ్లూక్ అలీ దగ్గర చదువుకున్న ఖాసిమ్ నానౌతవీ, రషీద్ అహ్మద్ గంగోహీ అప్పుడు యువకులు. తమ గురువు హాజీ ఇమ్దాదుల్లాతో కలిసి షామ్లీ దగ్గర ఇంగ్లీషు సేనలతో పోరాడారని దేవబంద్ సంప్రదాయం గట్టిగా చెబుతుంది. ఎవరి పాత్ర ఎంతన్నదాని మీద చరిత్రకారులు ఇప్పటికీ వాదించుకుంటారు. జరిగిన సంగతి మాత్రం ఇది: ఇమ్దాదుల్లా మక్కాకు వెళ్ళి అక్కడే ఉండిపోయారు, గంగోహీ కొన్ని నెలలు జైల్లో ఉన్నారు, నానౌతవీ ప్రూఫులు దిద్దే పనిలో పడ్డారు.

చూస్తుండగా ఒక తరం ఎదుగుతోంది. ఎవరైనా చనిపోతే జనాజా నమాజు చదివించడానికి, పెళ్ళయితే నికా జరిపించడానికి, ఆస్తి పంచుకోవాలంటే షరియత్ లెక్క చెప్పడానికి చదువుకున్నవాడు కావాలి. రాజ్యం పోయిన సమాజానికి ఆ చదువు కేవలం పుణ్యం కోసం కాదు. పుట్టుక నుంచి చావు దాకా ఇంటిపనులన్నీ దానితోనే ముడిపడి ఉన్నాయి. జుల్ఫికార్ అలీకి ఇది తెలుసు. తనకు జీతం ఇచ్చే సర్కారు ఈ పని చేయదనీ తెలుసు.

*

దానిమ్మ చెట్టు కథ అందరూ చెబుతారు. నాకు అంతకంటే ఆసక్తిగా తోచేది ఆ తరువాత కనబడే లెక్కల పుస్తకం.

మొదటి ఏడాది ముగిసేసరికే విద్యార్థులు డెబ్బై దాటారు. పంజాబు నుంచి వచ్చారు, కాబూల్ నుంచి వచ్చారు. ఇంతమందికి తిండి? ఊళ్ళోవాళ్ళు పంచుకున్నారు. ఈ ఇంట్లో ఇద్దరికి, ఆ ఇంట్లో ఒకరికి. కొందరు గోధుమలు, కొందరు గుడ్డలు, కొందరు పాత పుస్తకాలు ఇచ్చారు. ఎవరు ఏమిచ్చారో ప్రతి ఏటా అచ్చువేసి పంచిపెట్టేవారు. ఆ తొలి జాబితాల్లో హిందువుల పేర్లు కూడా ఉన్నాయి. నవాబు మాన్యం మీద నడిచే మదరసాలో దాత ఒక్కడే, అతని దయ ఒక్కటే. ఇక్కడ పావలా ఇచ్చినవాడి పేరూ అచ్చులో కనబడేది.

ఇంకో తమాషా. ఇంగ్లీషు చదువు లేకుండా మొదలైన బడి, నడిచే పద్ధతిని మాత్రం ఇంగ్లీషు కాలేజీల నుంచే తెచ్చుకుంది. ఖాయమైన పాఠ్యప్రణాళిక, తరగతులు, హాజరు పట్టీ, ఏడాదికోసారి పరీక్ష, గ్రంథాలయం, జీతాలు తీసుకునే ఉస్తాదులు, పరిపాలనకు వేరుగా మొహతమిమ్. పాఠం మాత్రం మదరసాల పాత ప్రణాళిక దర్సె నిజామీది: అరబ్బీ వ్యాకరణం, తర్కం, ఫిఖ్‌హ్ అనే ధర్మశాస్త్రం, చివర ప్రవక్త మాటల హదీసు. ఆ పాఠానికి పెట్టిన గంట కొత్తది. దీన్ని పోలిన మదరసా అదే ఏడాది పక్కనే సహారన్‌పూర్‌లో వచ్చింది. పదేళ్ళకి మన హైదరాబాద్‌లో, 1876లో, మౌలానా అన్వారుల్లా ఫారూఖీ జామియా నిజామియా పెట్టారు. ఆ పండితుడే తరువాత నిజాం రాజకుమారులకు చదువు చెప్పారు. అంటే దక్కన్‌లో మతవిద్యకి ఇంకా దర్బారు అండ ఉంది. ఉత్తరాదిలో ఆ అండ లేదు కాబట్టే జోలె పుట్టింది.

నానౌతవీ ఆ జోలెనే సిద్ధాంతం చేశారు. మదరసా నడపడానికి ఆయన రాసిన ఎనిమిది సూత్రాలు దేవబంద్‌లో నేటికీ ప్రామాణికం. వాటి సారాంశం వినడానికి వింతగా ఉంటుంది: నిలకడైన ఆదాయం లేనంత కాలమే ఈ బడి బాగుంటుంది. జాగీరో, కార్ఖానాయో, ఎవరైనా ధనికుడి గట్టి వాగ్దానమో దొరికిందా, దేవుడి మీద భయం, ఆశ రెండూ సన్నగిల్లుతాయి, పనివాళ్ళలో కొట్లాటలు మొదలవుతాయి. సర్కారు జోక్యం, షావుకార్ల జోక్యం నష్టమే. పేరు కోరకుండా ఇచ్చేవాడి చందాలోనే బర్కత్ ఉంది.

సంస్థకు సూత్రాలు రాసినవాడే దానికి మూలధనం వద్దనడం నేను ఇంకెక్కడా వినలేదు. ఆదర్శంగా చదివితే ఇది ముచ్చటగా ఉంటుంది. జరుగుబాటుగా చూస్తే దీని బరువు చందాలకు తిరిగే సఫీర్ల భుజాల మీద పడింది. రసీదు పుస్తకం పట్టుకుని రంజాన్ మాసంలో ఊరూరా మసీదుల గుమ్మాల దగ్గర నిలబడే మదరసా ప్రతినిధులను కర్నూలులోనో నిజామాబాద్‌లోనో చూసినవాళ్ళకి నేను చెప్పేది తెలుస్తుంది.

మరి ఇంగ్లీషు, సైన్సు? నానౌతవీ వాటిని హరామనలేదు. వాటికి సర్కారు బడులున్నాయి, ఖర్చుపెట్టేవాడు లేని చదువును మనం నిలబెడదాం, మన పిల్లలు ఇక్కడ ముగించుకుని ఆపైన అక్కడికీ వెళ్ళవచ్చు అన్నారు. కాగితం మీద చక్కటి ఏర్పాటు. కానీ ఆ 'ఆపైన' చాలామంది జీవితాల్లో రాలేదు. మదరసా చదువు అయ్యేసరికి వయసు మీదపడేది, ఇంటి దగ్గర ఎదురుచూపులు ఉండేవి. 1875లో సయ్యద్ అహ్మద్ ఖాన్ అలీగఢ్‌లో ఇంగ్లీషు చదువుకు బడి పెట్టారు. రెండేళ్ళకి అది కాలేజీ అయింది. ఒక సమాజపు చదువు రెండు దారులైంది. ఒక దారివాళ్ళకి రెండో దారివాళ్ళ భాష రాదు. దేవబంద్ దృష్టిలో అలీగఢ్ దొరల కాళ్ళదగ్గరి చదువు. అలీగఢ్ దృష్టిలో దేవబంద్ కాలం చెల్లిన ముల్లాల కొట్టం.

*

తొలి విద్యార్థి ఈలోగా ఎదిగాడు. చదువు ముగించి తలపాగా చుట్టించుకున్నాడు, అదే బడిలో ఉస్తాదయ్యాడు, 1890 నాటికి సదర్ ముదర్రిస్, అంటే ప్రధానాచార్యుడు. ఇక్కడి నుంచి ఆయనను 'ఆయన' అనాలి. బక్కపలచని మనిషి, ఖద్దరు వంటి ముతకబట్ట. పొద్దుటే హదీసు పాఠానికి కూర్చుంటే ముందు వరసలో బుఖారా నుంచి వచ్చినవాడు, వెనక వరసలో బెంగాల్ నుంచి వచ్చినవాడు. ఆయన దగ్గర చదివినవాళ్ళు సరిహద్దు కొండల్లో, కాబూల్‌లో, సింధులో మదరసాలు నడుపుతున్నారు. పాఠం చెప్పుకునే మనిషికి తెలియకుండానే ఒక పెద్ద బలగం తయారైంది. తెలియకుండా అనడం బహుశా తప్పే. ఆయనకు బాగానే తెలుసు.

సిక్కు కుటుంబంలో పుట్టి ఇస్లాం స్వీకరించిన శిష్యుడు ఉబైదుల్లా సింధీ 1909లో పూర్వవిద్యార్థులతో జమీయతుల్ అన్సార్ అనే సంఘం నడపసాగాడు. ఆ రాజకీయ వేడి మదరసా యాజమాన్యానికి రుచించలేదు. మొహతమిమ్‌గా ఉన్నది ఎవరు? సాక్షాత్తూ నానౌతవీ కొడుకు, మౌలానా ముహమ్మద్ అహ్మద్. ప్రభుత్వం ఆయనకు షమ్సుల్ ఉలమా బిరుదు ఇచ్చింది. సంయుక్త ప్రావిన్సుల లెఫ్టినెంట్ గవర్నరు జేమ్స్ మెస్టన్ మదరసాకి వచ్చి వెళ్ళాడు. వేలమంది విద్యార్థులను తయారుచేసిన సంస్థను కాపాడుకోవాలి, పోలీసుల కన్ను పడకూడదు. అది ఆయన లెక్క, దాన్ని తేలిగ్గా తీసిపారేయలేం. సింధీ దేవబంద్ విడిచి ఢిల్లీ ఫతేపురి మసీదుకు మారాడు. మహమూద్ హసన్ లెక్క వేరు. 1857 దెబ్బకి జవాబుగా పుట్టిన బడి, ఆ దెబ్బను మరిచిపోయి పాఠాలు చెప్పుకుంటూ కూర్చోవడం ఆయనకు మింగుడుపడలేదు.

మొదటి ప్రపంచ యుద్ధం వచ్చింది. 1915లో సింధీ కాబూల్ చేరాడు. అక్కడ డిసెంబరులో రాజా మహేంద్ర ప్రతాప్ అధ్యక్షుడిగా, బర్కతుల్లా ప్రధానిగా ఏర్పడిన ప్రవాస భారత ప్రభుత్వంలో హోం శాఖ అతనిది. గురువు అదే ఏడాది హజ్ పేరుతో ఓడెక్కి హిజాజ్‌కు వెళ్ళి, తుర్కీ గవర్నరు గాలిబ్ పాషాను కలిశారు. సరిహద్దు తెగలకు పిలుపునిచ్చే లేఖ సంపాదించారు.

1916 జులైలో కాబూల్‌లో సింధీ పసుపు పట్టుగుడ్డ మీద ఉర్దూలో ఉత్తరాలు రాశాడు. కాగితమైతే తనిఖీలో దొరుకుతుంది, గుడ్డయితే చొక్కా లోపల కుట్టుకోవచ్చు. అబ్దుల్ హక్ అనే మనిషి వాటిని హైదరాబాద్ చేర్చాలి. మన హైదరాబాద్ కాదు, సింధులోది. అక్కడి నుంచి మదీనాలో ఉన్న గురువుకి. దారిలో ముల్తాన్‌లో ఆ గుడ్డ అబ్దుల్ హక్ పాత యజమాని రబ్ నవాజ్ ఖాన్ చేతికి చిక్కింది. అతను నేరుగా ఇంగ్లీషు అధికారులకు అప్పగించాడు.

ఉత్తరాలు చదివినవాళ్ళకు నవ్వు, భయం రెండూ కలిగి ఉంటాయి. 'దేవుడి సైన్యం' ఒకటి, మదీనా దాని ముఖ్యస్థానం, దానికి సర్వసేనాని మహమూద్ హసన్! అరవై ఐదేళ్ళు, కీళ్ళవాతం, చేతిలో తుపాకీ బదులు బుఖారీ గ్రంథం. ఈ సైన్యం కాగితం దాటింది లేదు, గుడ్డ దాటింది లేదు. అయినా దీన్ని ప్రభుత్వం ఎంత గట్టిగా పట్టుకుందంటే, మనకు జలియన్‌వాలా బాగ్ ముందునాటి నల్లచట్టంగా తెలిసిన రౌలట్ చట్టానికి మూలమైన కమిటీ నివేదికలో ఈ పట్టు ఉత్తరాల ప్రస్తావన ఉంది.

*

మక్కాలో ఈలోగా అక్కడి పాలకుడు షరీఫ్ హుసేన్ ఇంగ్లీషువాళ్ళ అండతో తుర్కీ మీద తిరగబడ్డాడు. తుర్కులు మతద్రోహులని రాసిన ఫత్వా కాగితం ఒకటి మహమూద్ హసన్ ముందుకొచ్చింది. సంతకం పెడితే చాలు. ఆయన పెట్టలేదు. 1916 చివర్లో ఆయనను పట్టుకున్నారు. జిద్దా నుంచి ఈజిప్టు, అక్కడ గిజా జైలులో విచారణ. 1917 ఫిబ్రవరిలో మధ్యధరా సముద్రంలోని మాల్టా ద్వీపం.

మాల్టా శిబిరంలో జర్మన్లు, ఆస్ట్రియన్లు, తుర్కులు. వాళ్ళ మధ్య ఈ ఐదుగురు: గురువు, హుసేన్ అహ్మద్ మదనీ, ఉజైర్ గుల్, వహీద్ అహ్మద్, హకీమ్ నుస్రత్ హుసేన్. ఆ దీవి చలి ముసలి ఎముకలకు పట్టేది. తెల్లవారుజామున నమాజు ముందు వజూ శుద్ధికి గురువుగారికి వేడినీళ్ళు ఉండాలని మదనీ రాత్రంతా నీళ్ళపాత్రను పొట్టకు హత్తుకుని కూర్చునేవాడని దేవబంద్‌లో ఇప్పటికీ చెప్పుకుంటారు. నిజమెంతో ఎవరు చూశారు. గురుశిష్యుల బంధం ఎలా ఉండాలని ఆ లోకం అనుకుంటుందో ఈ కథలో తెలుస్తుంది.

జైలు మళ్ళీ బడి అయింది. ఉర్దూలో ఖురాన్ అనువాదం పూర్తిచేయడం గురువు పని. కంఠస్థం చేయడం మదనీ పని. హకీమ్ నుస్రత్ హుసేన్ ఆ దీవిలోనే కన్నుమూశాడు.

1920 జూన్ 8న మిగిలినవాళ్ళు బొంబాయి రేవులో దిగారు. తుర్కీ ఖలీఫా పదవిని కాపాడాలన్న ఖిలాఫత్ ఉద్యమం ఊపులో ఉంది. జనం ఆయనకు 'షేఖుల్ హింద్' అని పేరు పెట్టారు. దేవబంద్‌లో ఉలమాలు చుట్టూ చేరి మాల్టాలో ఏం ఆలోచించారని అడిగితే ఆయన చెప్పింది రెండే: ముస్లింల పతనానికి కారణం ఒకటి ఖురాన్‌ను వదిలేయడం, రెండు తమలో తాము కొట్టుకోవడం. మిగిలిన జీవితం ఊరూరా, వాడవాడలా పిల్లలకి మక్తబులు, పెద్దలకి అర్థంతో ఖురాన్ చెప్పే సభలు పెట్టించడానికే ఖర్చుచేస్తానన్నారు. పట్టుగుడ్డల నుంచి పిల్లల పలకల దగ్గరికి వచ్చారు.

మిగిలిన జీవితం ఆరు నెలలు కూడా లేదు.

*

అక్టోబరు వచ్చేసరికి మంచం పట్టారు. సరిగ్గా అప్పుడే అలీగఢ్ నుంచి పిలుపు. గాంధీ, ఖిలాఫత్ నాయకులైన అలీ సోదరులు అక్కడికి వెళ్ళి సర్కారు గ్రాంటు తీసుకునే కాలేజీని వదలమన్నారు. కొందరు విద్యార్థులు, ఉపాధ్యాయులు బయటికి వచ్చేశారు. వాళ్ళలో ఒకడు ఇరవై మూడేళ్ళ జాకిర్ హుసేన్, పుట్టింది మన హైదరాబాద్‌లో. తమ సొంత జాతీయ విద్యాలయాన్ని ఎవరితో ప్రారంభింపజేయాలి? అలీగఢ్ కుర్రాళ్ళు దేవబంద్ ముసలాయన్ని కోరారు.

వెళ్ళొద్దని దగ్గరివాళ్ళు బతిమాలారు. ఆయన వెళ్ళారు. నడవలేని స్థితి, మోసుకుపోవలసి వచ్చింది. 1920 అక్టోబరు 29, శుక్రవారం, కాలేజీ మసీదు. ప్రసంగం చదివే ఓపిక లేక శిష్యుడు షబ్బీర్ అహ్మద్ ఉస్మానీ చేత చదివించారు. అందులో ఒక మాట ఆ సభలో కోటు వేసుకున్నవాళ్ళకీ తలపాగా చుట్టుకున్నవాళ్ళకీ ఒకేసారి తగిలి ఉండాలి. నా ఎముకలను కరిగించే ఈ బాధను పంచుకునేవాళ్ళు మదరసాల్లో, సూఫీ ఖాన్‌కాల్లో తక్కువగా, స్కూళ్ళలో, కాలేజీల్లో ఎక్కువగా కనబడ్డారు, అందుకే నేను అలీగఢ్ వైపు అడుగు వేశాను అన్నది దాని సారం.

యాభై నాలుగేళ్ళు మదరసాలో పెరిగి, మదరసాకే జీవితం ఇచ్చిన మనిషి అన్న మాట అది. దీన్ని మదరసా మీద తీర్పుగా వాడుకునేవాళ్ళున్నారు. నాకు అలా అనిపించదు. పుట్టింటి గురించి అంత మాట అనే హక్కు ఉన్నవాడు అన్నాడు, అంతే. ఆ హక్కు బయటివాళ్ళకు బదిలీ కాదు.

నవంబరు 30న ఢిల్లీలో డాక్టర్ అన్సారీ ఇంట్లో ఆయన చనిపోయారు. దేవబంద్‌లో గురువు నానౌతవీ సమాధి దగ్గరే పాతిపెట్టారు. మొహతమిమ్ ముహమ్మద్ అహ్మద్ కొంతకాలానికి నిజాం రాజ్యంలో ముఫ్తీ పదవికి హైదరాబాద్ వచ్చారు. 1928లో తిరుగు ప్రయాణంలో నిజామాబాద్ దగ్గర పోయారు. ఆయన సమాధి హైదరాబాద్‌లోనే ఉంది. నిలకడైన రాబడి వద్దన్న తండ్రి కొడుకు, ఆ రోజుల్లో దేశంలోకెల్లా సంపన్నుడైన ప్రభువు కొలువులో పనిచేసి ఈ మట్టిలో కలిశారు. నిజాం సర్కారు నుంచి దేవబంద్‌కూ గ్రాంటు అందుతుండేది. సూత్రాలు రాసిన చేతికి తెలియని అవసరాలు నడిపే చేతికి ఉంటాయి.

అలీగఢ్‌లో ఆ శుక్రవారం పుట్టిన విద్యాలయం పేరు జామియా మిల్లియా ఇస్లామియా. ఖిలాఫత్ నిధులు ఎండిపోయాక 1925లో అద్దె ఇళ్ళు వెతుక్కుంటూ ఢిల్లీ కరోల్‌బాగ్‌కు మారింది. జీతాలకు డబ్బుల్లేవు. 1928లో జాకిర్ హుసేన్, మరికొందరు ఉపాధ్యాయులు ఇరవై ఏళ్ళపాటు నెలకు నూట యాభై రూపాయలకు మించి తీసుకోమని ఒట్టుపెట్టుకుని దాన్ని నిలబెట్టారు. ఇంగ్లీషు చదివినవాళ్ళ బడి కూడా ఊరూరా చందాలకు తిరిగింది. 1988లో పార్లమెంటు చట్టంతో అది కేంద్ర విశ్వవిద్యాలయమైంది, ఖర్చు కేంద్ర బడ్జెట్టు నుంచి వస్తుంది. దానిమ్మ చెట్టు కింద మొదలైన ఆ బడి, దారుల్ ఉలూమ్ దేవబంద్, ఇవాళ్టికీ ప్రభుత్వ సాయం తీసుకోదు.